ఎడమవైపు ఫ్లాటు

మాస్టారి ఫోను మోగేసరికి లెన్సమ్మ ఒక ముసలాయన కళ్లద్దాల ఫ్రేములోకి కొత్త అద్దం ఎక్కిస్తోంది. ఆ పని మధ్యలో చెయ్యి వదిలితే అద్దం అంచు చిట్లుతుంది. ఫోను రెండుసార్లు మోగి ఆగిపోయింది. మూడోసారీ మోగేసరికి విసుక్కుంటూ ఫ్రేము పక్కన పెట్టి ఎత్తింది.

"అమ్మా, మీరు ఇల్లేమైనా అమ్మేశారా?" అన్నారు మాస్టారు. ఆయన వాళ్ల కిందింట్లో ఉంటారు. లెక్కల పాఠాలు చెప్పి రిటైరైన మనిషి. ఊరికే ఫోను చేసే రకం కాదు.

"లేదండీ. ఎవరన్నారు?"

"ఎవరూ అనలేదు. మీ తలుపు తాళం పగలగొట్టి, వేరే తాళం వేసి, దాని మీద లక్క ముద్ర కొట్టి పోయారు. నలుగురు మనుషులు. ఒకడి చేతిలో సుత్తి ఉంది. నేను మోకాళ్లు పట్టుకుని పైకెక్కేసరికి వాళ్లు దిగిపోతున్నారు. ఎవరయ్యా మీరంటే కోర్టువాళ్లమన్నారు."

"మా అత్తగారు?"

"ఇంట్లో లేరు. ఈ టైముకి లైబ్రరీలో ఉంటారుగా."

లెన్సమ్మ అనేది ఆమెకు పక్క సైకిళ్ల షాపతను పెట్టిన పేరు. ఆ పేరే బిల్డింగు దాకా పాకింది. ఆమెది చిన్న కళ్లద్దాల షాపు. భర్త దూరపు రూట్ల బస్సు డ్రైవరు. వారంలో రెండు రోజులే ఇంటి పట్టున ఉంటాడు. మిగతా రోజులు ఇంట్లో అత్తాకోడళ్లిద్దరే.

షాపు షట్టరు దించి, ముసలాయనకు రేపు రమ్మని చెప్పి, ఆమె పరుగులాంటి నడకతో ఇల్లు చేరింది. మూడంతస్తుల ఆ బిల్డింగులో అంతస్తుకు రెండే ఇళ్లు, ఎదురెదురుగా. మెట్లు వెనక వైపు నుంచి వస్తాయి. నిరుడు రంగులు వేయించినప్పుడు తలుపుల మీది నంబర్లు రంగులో కలిసిపోయాయి. మళ్లీ రాయిద్దాం రాయిద్దాం అంటూనే ఏడాది గడిచింది. ఎవరి తలుపు వాళ్లకు తెలుసు కదా అని ఎవరూ పట్టించుకోలేదు.

తన తలుపు మీద అతికించిన కాగితాన్ని లెన్సమ్మ రెండుసార్లు చదివింది. ఇంటి అప్పు తీర్చనందువల్ల కోర్టు ఉత్తర్వు ప్రకారం మూడో అంతస్తులోని ఎడమవైపు ఫ్లాటును బ్యాంకు స్వాధీనం చేసుకుందట. ముద్రను తాకినవారు శిక్షార్హులట. కింద అప్పు తీసుకున్న మనిషి పేరుంది. అది తమ పేరు కాదు. ఎదురింటాయన పేరు.

ముందు గుండె కుదుటపడింది. మరుక్షణం ఒళ్లు మండింది. ఇదే బ్యాంకులో పదకొండేళ్లు కిస్తీలు కట్టి, రెండేళ్ల క్రితమే ఆఖరి రూపాయితో సహా తీర్చేసిన ఇల్లు తమది.

ఎదురు తలుపు కొట్టింది. కేకులు వేసి అమ్మే ఎదురింటావిడను "అక్కా" అని రెండుసార్లు పిలిచింది. పలుకు లేదు. కేకులివ్వడానికి షాపులకు వెళ్లి ఉంటుందనుకుని, గబగబా మెట్లు దిగి కోర్టుకు బయలుదేరింది.

*

కోర్టు ఆఫీసులో ఆ ముద్ర కొట్టిన మనిషి దొరికాడు. కోర్టు ఉత్తర్వులు పట్టుకుని ఇంటింటికీ తిరిగి అమలు చేసే ఉద్యోగి, అందరూ అమీనా అంటారు. యాభై దాటిన వయసు, చెమటకు తడిసి ఆరిన చొక్కా. తలుపు మీది కాగితానికి ఫోనులో తీసి ఆమె చూపించిన ఫోటోను చెయ్యి బారున చాపి, తల వెనక్కి వంచి చూశాడు. ఈయనకు దగ్గర చూపు తగ్గి కనీసం నాలుగేళ్లయి ఉంటుందని లెన్సమ్మకు అలవాటు కొద్దీ తట్టింది.

"అది మా ఇల్లండీ. అప్పు మాది కాదు."

"ప్రతివాళ్లూ అదే అంటారమ్మా."

"పేరు చూడండి. అందులో ఉన్నది మా పేరు కాదు."

"పేరుతో నాకు పని లేదు. నాకిచ్చింది ఇల్లు. మూడో అంతస్తు, ఎడమవైపు. మెట్లెక్కాను, ఎడమకి తిరిగాను, ఇల్లుంది."

"మెట్లు వెనక నుంచి వస్తాయి. వీధిలోంచి చూస్తే మాది కుడి."

"నేను వీధిలోంచి గాల్లో ఎగిరి రాలేదమ్మా. మెట్ల మీంచే వచ్చాను."

ఆమె పళ్లు బిగబట్టింది. "పోనీ, ఎవరినైనా ఒక మాట అడగొచ్చు కదా."

"అడగకేం?" అమీనాకు కోపం వచ్చింది. రిపోర్టు తీసి, వేలితో వరస వెతికి చదివాడు. "ఎదురింటి తలుపు ముమ్మారు తట్టగా తీయలేదు, లోపల మనుషుల అలికిడి కలదు. చూశారా, రాశాను. కేకు కాలుతున్న వాసన కూడా వచ్చింది. అది రాయలేదు. రిపోర్టులో వాసనలు రాయకూడదు."

ఆ వాసన ఎవరింటిదో ఆ బిల్డింగులో ఎవరినడిగినా చెబుతారు.

"ఇప్పుడు నేనేం చెయ్యాలి?" అంది లెన్సమ్మ.

"ఇల్లు మీదే అని కాగితాలు పట్రండి."

"కాగితాలు ఇంట్లో ఉన్నాయి. బీరువాలో."

"మరి తెచ్చుకోండి."

"మీరు తాళం వేశారు కదండీ."

అమీనా ఆమె వంక, తర్వాత తన ముందున్న కాగితం వంక చూశాడు. తప్పు జరిగిందేమోనన్న అనుమానం ఆ మొహంలో మొదటిసారి కనిపించింది. కానీ అనుమానంతో ఉద్యోగం నడవదు. "నేను కొట్టిన ముద్ర నేను తీస్తే నా ఉద్యోగం పోతుంది" అన్నాడు గొంతు తగ్గించి. "జడ్జిగారు చెప్పాలి. ఆయన సెలవు. సోమవారం వస్తారు. ఒక ప్లీడరుని పెట్టుకోండమ్మా."

ఆ రోజు గురువారం.

*

ఆమె తిరిగి వచ్చేసరికి అత్తగారు ఎదురింట్లో కుర్చీలో కూర్చుని వేడిపాలు తాగుతోంది. పేపర్లో మొదటి పేజీ నుంచి చివరి టెండరు ప్రకటన దాకా చదవనిదే ఆవిడకు రోజు గడవదు. లైబ్రరీ మూసేదాకా అక్కడే ఉండి, తిరిగొచ్చి తలుపుకున్న కాగితం కూడా పొల్లు పోకుండా చదివిందట.

"తప్పులు కూడా ఉన్నాయే" అంది కోడలితో. "స్వాధీనంలో ధకి ఒత్తు లేదు."

కేకులక్క పొయ్యి దగ్గర నిలబడి ఉంది. నలభై అయిదేళ్ల మనిషి. చేతులకెప్పుడూ మైదా పిండి అంటుకునే ఉంటుంది. నాలుగు షాపులకు కేకులు వేస్తుంది. ప్రెస్సులో పనిచేసే మొగుడు రెండేళ్ల క్రితం పక్షవాతంతో కుడి పక్క పడిపోయి, అప్పటి నుంచి లోపలి గదిలో మంచం మీదే ఉన్నాడు. వాళ్లు ఎదురింట్లోకి వచ్చిన ఈ తొమ్మిదేళ్లలో ఇద్దరాడవాళ్ల మధ్య ఇచ్చిపుచ్చుకోని వస్తువు లేదు. లెన్సమ్మకు ఆపరేషనైనప్పుడు అత్తగారికి పదిహేను రోజులు వండి పెట్టింది ఈవిడే.

"ఇక్కడే ఉండండి, ఎన్నాళ్లయినా" అంది కేకులక్క, మొహం ఇటు తిప్పకుండా.

లెన్సమ్మ వంటింట్లోకి వెళ్లి తలుపు దగ్గరగా వేసింది.

"వాళ్లు తలుపు కొట్టారట, మూడుసార్లు. విన్నావా?"

కేకులక్క ట్రేకి వెన్న రాయడం ఆపలేదు. "విన్నాను."

"మా తాళం పగలగొడుతుంటే?"

"అదీ విన్నాను."

"నేనొచ్చి అక్కా అక్కా అని పిలిస్తే?"

కేకులక్క చెయ్యి ఆగింది. "తీద్దామనే అనుకున్నాను. వాళ్లొచ్చినప్పుడు గొళ్లెం మీద చెయ్యి కూడా వేశాను. నోరు విప్పితే చాలు, ఇటు తిరుగుతారు. మంచం మీద ఈ మనిషిని పెట్టుకుని ఎక్కడికి పోను? సుత్తి దెబ్బలు పడుతుంటే, అవి నా తలుపు మీద కాదు కదా అని ఎంత హాయిగా అనిపించిందో చెబితే నువ్వు నా మొహం చూడవు."

"ఇప్పుడు మాత్రం చూస్తున్నానా?" అంది లెన్సమ్మ.

ఇంకా ఏదో అనబోయింది గానీ, అంతలో మాస్టారు కిందనుంచి కేకేశారు. ఆయన వంటింటి కప్పు కారుతోంది. పొద్దున కుళాయిలు రాకపోతే అత్తగారు బాత్రూములో కుళాయి తిప్పి చూసి అలాగే వదిలేసింది. ఇప్పుడు నీళ్లొచ్చాయి. ముద్ర వేసిన తలుపుకు చెవి ఆనిస్తే లోపల ధారగా పడుతున్న చప్పుడు స్పష్టంగా వినిపిస్తోంది. కింది సందులోంచి సన్నగా తడి బయటికి పాకుతోంది. చూస్తూ నిలబడటం తప్ప ఏమీ చెయ్యడానికి లేదు. పోలీసులకు ఫోను చేస్తే, కోర్టు ముద్ర ఉన్న తలుపు జోలికి తాము రామని, ఇది సివిల్ వ్యవహారమని పెట్టేశారు.

చివరికి మాస్టారు డాబా ఎక్కి ఆ వైపు పైపు వాల్వు తిప్పేశారు. ఆ పైపు మీద మూడిళ్లు ఉన్నాయి. అలా ఆ పూట నుంచి మూడిళ్లకు నీళ్లు బంద్.

*

ప్లీడరు ముప్పై అయిదేళ్లావిడ. కళ్లద్దాలు లెన్సమ్మ షాపులోనే చేయించుకుంది. ఆ మొహమాటానికి శుక్రవారం పొద్దున్నే కలవడానికి ఒప్పుకుంది.

"బ్యాంకులోనూ వాయిదాలే, కోర్టులోనూ వాయిదాలే" అంది కాగితం ముందుకు లాక్కుంటూ. "అక్కడివి కట్టకపోతే ఇక్కడివి మొదలవుతాయి. మీ ఖర్మేంటంటే అక్కడివి కట్టి కూడా ఇక్కడికొచ్చారు."

పిటిషను రాసింది. మా ఫ్లాటు కుడివైపుది, పొరపాటున ముద్ర వేశారు, తీయించండి అని. చివర ఇంకో వాక్యం చేర్చింది: అప్పు తీసుకున్నవారు ఎదురుగా ఉన్న ఫ్లాటులో నేటికీ కాపురమున్నారు.

"ఇది ఉంటే పని తొందరగా అవుతుంది. ఇది కాదు అన్నప్పుడు, మరి ఏది అని అడుగుతారు గదా."

"రాయండి" అంది లెన్సమ్మ. క్షణం కూడా ఆలోచించలేదు.

ఆ మధ్యాహ్నం పిటిషను వెనక్కి వచ్చింది. ఆమె ఈ కేసులో పార్టీ కాదట, కాబట్టి ముందు పార్టీగా చేర్చమని వేరే పిటిషను వెయ్యాలట. అది వేశారు. బ్యాంకుకు వెళితే రికవరీ అధికారి మర్యాదగా కుర్చీ చూపించాడు. కంప్యూటరులో ఆమె పాత అప్పు ఖాతా తెరిచి, "చాలా మంచి కస్టమరు మీరు" అన్నాడు.

"ఆ మంచి కస్టమరు ఇంటికే తాళమేశారు."

"మేము వెయ్యలేదు మేడమ్. కోర్టు వేసింది."

"కోర్టుకి చెప్పింది మీరే."

"మేము ఎడమవైపు అని చెప్పాం. అది కరెక్టే. వాళ్లు కుడివైపు వేశారంటే అది వాళ్ల పొరపాటు."

"అమీనాగారు మీరు రాసిందే చేశానంటున్నారు."

"అలాగా" అన్నాడతను, ఏదో సినిమా సంగతి విన్నట్టు. అప్పు తీరిందని ఒక కాగితం ముక్క ఇవ్వమంటే, పై ఆఫీసు నుంచి రావాలని, పది పనిదినాలు పడుతుందని చెప్పాడు. రిజిస్ట్రారు ఆఫీసులో ఇంటి దస్తావేజు నకలు అడిగితే వారం పడుతుందన్నారు, దస్తావేజు నంబరు చెబితే. ఆ నంబరు బీరువాలో ఉన్న కాగితం మీద ఉంది.

అత్తగారి ఇన్సులిన్ ఫ్రిజ్‌లో ఉండిపోయింది. కొత్తది కొనబోతే మందుల షాపువాడు చీటీ అడిగాడు. చీటీ కూడా ఇంట్లోనే. డాక్టరు దగ్గర గంటన్నర కూర్చుని కొత్త చీటీ రాయించుకొస్తే, రాసిన రకం ఆ షాపులో లేదు. ఇంకో షాపు దాకా నడుస్తుంటే లెన్సమ్మకు దారిలో కళ్లల్లో నీళ్లు తిరిగాయి. ఏడుపు కాదు, ఒట్టి కసి. ఎవరి మీద చూపించాలో తెలియని కసి. కుర్చీలిచ్చి, మర్యాదగా మాట్లాడి, ప్రతివాడూ పక్కవాడి వైపు వేలు చూపిస్తున్నాడు.

భర్త ఎక్కడో హైవే పక్క నుంచి ఫోను చేశాడు. "నేనొచ్చి ఆ తాళం పగలగొడతాను."

"పగలగొడితే లోపలేస్తారట."

"వేస్తే వెయ్యనీ. ఎటూ ఇప్పుడు బయటే ఉన్నాం గదా."

ఆమెకు నవ్వొచ్చింది. గురువారం తర్వాత అదే మొదటిసారి నవ్వడం. వచ్చే వారం చివరిదాకా తనకు సెలవు దొరకదని చెప్పి అతను పెట్టేశాడు.

కేకులక్కతో ఆమె మాట్లాడటం మానేసింది. ఒకే ఇంట్లో ఉంటూ మాట్లాడకుండా ఉండటం ఎంత కష్టమో అప్పుడు తెలిసింది. స్నానానికి ఆవిడ బకెట్టే, తుడుచుకోవడానికి ఆవిడ తువ్వాలే. మూడిళ్లవాళ్లూ బిందెలు పట్టుకుని నీళ్లకు ఆవిడ కుళాయి దగ్గరికే వస్తున్నారు. మాస్టారు కూడా బిందె మోస్తూ, "మా కప్పుకి పడిన ఈ మరక కోర్టువాళ్ల పుణ్యమేనమ్మా" అని గొణిగారు. రెండో రోజుకు ఆ గొణుగుడు లెన్సమ్మ మీదికి తిరిగింది. కుళాయి కట్టకుండా వదిలింది వాళ్లింట్లోవాళ్లే కదా అని.

ఆదివారం పొద్దున లోపలి గదిలోంచి ఏదో పడిన చప్పుడైతే లెన్సమ్మ తలుపు దాకా వెళ్లింది. కేకులక్క మొగుణ్ని పక్కకు పొర్లించి, వీపుకు పౌడరు రాస్తోంది. ఆ బరువును ఒంటి చేత్తో ఆపి, రెండో చేత్తో కింద పడిన డబ్బాను అందుకోవడానికి చూస్తోంది. లెన్సమ్మ డబ్బా తీసి అందించింది. ఆయన ఆమె వైపు చూసి, వంకర తిరిగిన నోటితో ఏదో అన్నాడు.

"ఏమంటున్నారు?" అని అడిగింది. మౌనం అలా తెగిపోయింది.

"మీ ఇంటికి తాళమెందుకు వేశారని అడుగుతున్నాడు" అంది కేకులక్క. "ఆయనకు చెప్పలేదు. కిస్తీలు కడుతూనే ఉన్నాననుకుంటున్నాడు."

ఆ సాయంత్రం అత్తగారు దుప్పటి మడతపెడుతూ, "నాకు మూడు నెలల క్రితమే తెలుసు" అంది మెల్లగా. "పేపర్లో వేశారు, బ్యాంకు ప్రకటన. పేరు చూశాను. ఎదుటివాళ్ల పరువు మనమెందుకు తవ్వడమని ఊరుకున్నాను."

"చెప్పి ఉంటే నేను ఆవిడతో మాట్లాడేదాన్ని కదా."

"ఏం మాట్లాడతావు? పప్పూ ఉప్పూ అంటే ఇస్తాం. ఇల్లు ఎక్కణ్నుంచి తెచ్చిస్తాం?"

సోమవారం పొద్దున లెన్సమ్మ ప్లీడరుకు ఫోను చేసి, ఆఖరి వాక్యం కొట్టేయమంది.

"బాగా ఆలోచించుకున్నారా? అది లేకపోతే మన చేతిలో రుజువే లేదు."

"నా ఇల్లు నాదని చెప్పడానికి నేను ఇంకొకరింటి వైపు వేలు చూపించను. గురువారం నుంచి అందరూ చేస్తున్నది అదే."

*

రుజువు లేదన్నది నిజమే అయింది. సోమవారం జడ్జిగారు కాగితాలు అడిగారు. లేవన్నారు. బ్యాంకు తరఫు లాయరు తమకు ప్రతులు అందలేదన్నాడు. బుధవారానికి వాయిదా పడింది.

మంగళవారం సాయంత్రం కేకులక్క మైదా డబ్బా వెనక నుంచి ఒక ప్లాస్టిక్ సంచి తీసి లెన్సమ్మ ముందు పెట్టింది. అందులో ఆవిడ ఇంటి అప్పు తాలూకు కాగితాలు. వాటి మధ్య మడతలు పడ్డ ఒక ప్లాను. వీధి ఎటుంది, మెట్లెటున్నాయి, తూర్పున ఎవరిల్లు, పడమటన ఎవరిల్లు, అన్నీ గీసి ఉన్నాయి. కింద బ్యాంకు ఇంజనీరు సంతకం, బ్యాంకు స్టాంపు.

"వీధి వైపు నుంచి ఎడమ అని ఇందులో రాసుంది" అంది. "కోర్టుకిచ్చేటప్పుడు వీళ్లు ఆ ముక్క వదిలేశారు."

"ఇది చూపిస్తే నీ ఇల్లు పోతుంది."

"పోవాల్సిందే కదా."

"అక్కా, నేను ఆ మాట పిటిషన్లోంచి కొట్టేయించాను."

"తెలుసు. ప్లీడరుతో నువ్వు ఫోన్లో మాట్లాడుతుంటే విన్నాను. ఈ ఇంట్లో గోడలు పలచన." కేకులక్క సంచిని ఇంకాస్త ముందుకు తోసింది. "నీ కోసం ఇస్తున్నాననుకోకు. మీ అత్తగారు ఆ చాప మీద ముడుచుకుని పడుకుంటుంటే ఆరు రోజులుగా నాకు నిద్ర పట్టి చావడం లేదు. ఈ పీడ వదిలించుకుందామనే ఇస్తున్నాను."

లెన్సమ్మ ప్లాను తీసుకుంది. థాంక్స్ అనాలో, తిట్టాలో తోచలేదు.

బుధవారం జడ్జిగారు ఆ ప్లానును చాలాసేపు చూశారు. అమీనాను పిలిచారు. "ఏ వైపు నుంచి ఎడమనుకున్నారు?"

"మెట్ల వైపు నుంచి సార్."

"మీరు?" అని బ్యాంకు లాయరును అడిగారు.

"వీధి వైపు నుంచి సార్. ఇది సాధారణంగా అందరికీ తెలిసిందే."

"అందరికీ తెలిస్తే రాయడానికేం? మీ ఇంజనీరు రాశాడు, మీరు కొట్టేశారు. హద్దులు లేకుండా ఇల్లు స్వాధీనం చెయ్యమని కోర్టునడిగారు." జడ్జిగారు కళ్లద్దాలు సవరించుకుని లెన్సమ్మ వైపు తిరిగారు. "ఈ ప్లాను మీకు ఎక్కడిది?"

"ఎదురింటావిడ ఇచ్చారండీ."

"అప్పు తీసుకున్నవాళ్లా?"

"వాళ్లే."

"తన ఇంటి మీదికే వస్తుందని తెలిసే ఇచ్చిందా?"

"తెలిసే ఇచ్చారు."

జడ్జిగారు రెండు నిమిషాలు రాసుకున్నారు. తర్వాత ఉత్తర్వు చదివారు. లెన్సమ్మ ఇంటి ముద్ర వెంటనే తీసెయ్యాలి. బ్యాంకు హద్దులతో సహా కొత్తగా వివరాలు దాఖలు చేసి, అప్పుదారుకు మళ్లీ నోటీసు ఇచ్చి, ఆరు వారాల గడువు ముగిశాకే స్వాధీనానికి రావాలి. లాయరు లేచి ఆరు వారాలు ఎక్కువన్నాడు. "మీరు ఎడమా కుడీ తేల్చుకోవడానికి ఆ మాత్రం పడుతుంది" అన్నారు జడ్జిగారు.

వెంటనే అంటే కోర్టులో మరునాడు కూడా కాదు. ఉత్తర్వు కాపీ టైపయి, సంతకమయి వచ్చేసరికి శుక్రవారం మధ్యాహ్నమైంది.

*

ముద్ర తీయడానికి అమీనాయే వచ్చాడు. లక్క పగలగొట్టి, తాళం తీసి, తలుపు నెడితే అది కదల్లేదు. తడికి ఉబ్బి బిగుసుకుపోయింది. సెలవు మీద వచ్చిన లెన్సమ్మ భర్తా, అమీనా ఇద్దరూ భుజాలానించి తోశారు. లోపల బాత్రూము తలుపు అడుగున చెక్క పొరలు పొరలుగా విచ్చుకుంది. అత్తగారి మంచం కాళ్లకు బూజు పట్టింది. గోడవార కట్టగా పెట్టుకున్న పాత పేపర్లు ముద్ద ముద్దయ్యాయి.

అమీనా ఒక కాగితం తీశాడు. "ఇక్కడ సంతకం పెట్టండమ్మా. సామానంతా ఉన్నది ఉన్నట్టు ముట్టినట్టు."

"ఉన్నది ఉన్నట్టు లేదు కదండీ."

"ఫారం అలాగే ఉంటుందమ్మా."

లెన్సమ్మ ఆ అచ్చు వాక్యాన్ని కొట్టేసి, పాడైన వస్తువులన్నీ పక్కన రాసింది. చోటు చాలక కాగితం తిప్పి రాసింది. రాసినంతసేపూ అమీనా ఓపిగ్గా నిలబడ్డాడు. వెళ్లేముందు, "నాకు మెమో ఇచ్చారు. ఇంక్రిమెంటు ఆపుతారట" అన్నాడు, ఎవరితోనో చెప్పుకోవాలి కదా అన్నట్టు. బ్యాంకులో మటుకు ఎవరికీ ఏమీ కాలేదు.

ఆరు వారాలు కేకులక్క ఊరికే కూర్చోలేదు. మొగుడికి అన్నీ చెప్పింది. అతను రెండు రోజులు తిండి తినలేదు, మూడో రోజు కాగితాలు తెప్పించుకుని ఎడమ చేత్తో సంతకం నేర్చుకోవడం మొదలుపెట్టాడు. వేలంలో పోతే వచ్చేది అప్పుకే చాలదని ప్లీడరు చెప్పింది. అందుకే గడువు లోపల తామే అమ్మేయాలని నిశ్చయించుకున్నారు. మాస్టారి శిష్యుడొకడు కొన్నాడు. బ్యాంకు బాకీ తీరి, చేతిలో ఏడాది అద్దెకు సరిపడా మిగిలింది. పక్క వీధిలోనే కింది అంతస్తులో రెండు గదులు దొరికాయి.

సామాను ఎక్కించే రోజు లెన్సమ్మ షాపు మూసి వచ్చింది. ఎవరూ పిలవలేదు. ట్రేలన్నీ ఒకదాన్లో ఒకటి పెట్టి, పాత గుడ్డ చుట్టి, నాలుగుసార్లు మెట్లెక్కి దిగింది. ఇద్దరూ అవసరమైనంతే మాట్లాడుకున్నారు. ఇది జాగ్రత్త, అది పైన పెట్టు, ఇలాంటివే.

వ్యాను బయలుదేరబోయే ముందు కేకులక్క ఆమె చెయ్యి పట్టుకుంది. "కోపం పోయిందా?"

"లేదు" అంది లెన్సమ్మ. అబద్ధం చెప్పడానికి మనసు రాలేదు. "పోతే బాగుండునని నాకూ ఉంది. నిన్ను తిట్టుకుందామంటే బ్యాంకువాళ్లు గుర్తొస్తారు, వాళ్లను తిట్టుకుందామంటే నువ్వు గుర్తొస్తావు. ఒక్కళ్లనీ తృప్తిగా తిట్టుకోలేకపోతున్నాను."

కేకులక్క తల వంచుకుంది. "వీలైనప్పుడు ఒకసారి రా."

"చూద్దాంలే అక్కా."

వ్యాను మలుపు తిరిగాక లెన్సమ్మ పైకి వచ్చింది. అత్తగారు బల్ల మీద కాగితాలు పరుచుకుని కూర్చుంది. బాత్రూము తలుపుకు, మంచానికి, మాస్టారి కప్పుకు నష్టపరిహారం కోసం బ్యాంకుకు పెట్టిన అర్జీకి జవాబొచ్చింది. విషయాన్ని కోర్టుకు రాయమన్నారు. కోర్టు నుంచి కిందటి వారమే జవాబొచ్చింది, బ్యాంకుకు రాయమని.

"మూడోది రాద్దామా?" అంది అత్తగారు, కలం మూత తీస్తూ. "ఈసారి ఇద్దరికీ ఒకే ఉత్తరం రాద్దాం. ఒత్తులు నేను చూసుకుంటాను."

లెన్సమ్మ కుర్చీ లాక్కుని ఎదురుగా కూర్చుంది. "రాయండి" అంది.